జడలో జ, జీతంలో జ

టైపు గది, పాత భవనం
జూన్ 6

డాక్టరమ్మగారికి,

ఇంట్లో అయితే మీరు నా తమ్ముడి భార్య, నేను మీకు వదినను. ఈ ఉత్తరం మాత్రం ఆసుపత్రి టైపిస్టు ఆసుపత్రి డాక్టరుకు రాస్తున్నది. అందుకే ఈ "మీరు". ఫోన్ చేయొద్దని తమ్ముడితో చెప్పించాను. నోటిమాట వల్లే కథ ఇంతదాకా వచ్చింది. ఇకమీద నాతో ఏం చెప్పాలన్నా కాగితం మీద పెట్టి కింద సంతకం చేయండి.

విచారణ కమిటీ నుంచి నాకూ పిలుపు వచ్చింది. మీరు ఆ ఊరి ఆసుపత్రికి బదిలీ అయి వెళ్ళేముందు ఇచ్చిన వాంగ్మూలం నకలు దానికి జతచేశారు. "నేను టేపులో డిస్‌ఫేజియా అని స్పష్టంగా చెప్పాను. టైపిస్టు తప్పు కొట్టింది." అంతే, రెండు ముక్కలు. చదివి నవ్వొచ్చింది. ఏ డిస్‌ఫేజియా, డాక్టరమ్మా?

కమిటీలో ముగ్గురుంటే ఇద్దరు డాక్టర్లు కారు. వాళ్ళకోసం నా వాంగ్మూలంలో విడమరచి రాశాను. ఇంగ్లీషులో రెండు మాటలున్నాయి. ఒకదానికి అర్థం మింగడం కష్టం కావడం. రెండోదానికి అర్థం మాట్లాడడం కష్టం కావడం. స్పెల్లింగులో ఒకే ఒక్క అక్షరం తేడా, మొదటిదానికి జీ, రెండోదానికి ఎస్. తెలుగులో రాస్తే రెండూ డిస్‌ఫేజియాయే. పలకడంలో మాత్రం ఒకటి జీతంలో జ, ఇంకొకటి జడలో జకు దగ్గర. మీ నోట్లో ఆ రెండో జ లేదు. జూ అన్నా, జీరో అన్నా మీకు జీతంలో జయే.

గడియారాలు బాగుచేసే ఆ పెద్దాయన పక్షవాతంతో మీ వార్డులో చేరాడు. మాట నిక్షేపంగా ఉంది, మింగడమే పోయింది. వార్డు మార్చే చీటీ మీద మాత్రం ఆయనకు మాట కష్టమని పడింది. శనివారం అవతలి భవనానికి మార్చారు. ఆదివారం అక్కడి ఆయా టీ ఇచ్చింది. టీ ఊపిరితిత్తుల్లోకి పోయింది. పదకొండు రోజులకు ప్రాణం పోయింది.

మీరు చెప్పింది నేను కొట్టాను. నా వాంగ్మూలం అదే, మారదు.

టైపిస్టు


డాక్టర్ల గది, రెండో అంతస్తు
జూన్ 14

వదినగారికి,

కాగితం మీదే పెట్టమన్నారు కదా, పెడుతున్నాను.

నాకు పలకడం నేర్పడం మీకు కొత్తేమీ కాదు. పెళ్ళయిన మొదటి నెలలోనే మొదలుపెట్టారు. మీ తమ్ముడి ఆఫీసువాళ్ళు భోజనానికి వచ్చారు. ఎవరి గురించో చెబుతూ నేను "ఓపికకు ఎపిటోమ్" అన్నాను. ఒక గుణానికి నిలువెత్తు నమూనా అని దాని అర్థం. మీరు చేతిలో గ్లాసు కింద పెట్టి, అందరికీ వినబడేట్టు, "ఎపిటోమ్ కాదమ్మాయ్, ఎపిటమీ" అన్నారు. అందరూ నవ్వారు. మీ తమ్ముడూ నవ్వారు. తొమ్మిదేళ్ళయింది, ఆ మాట మళ్ళీ నా నోట రాలేదు. ఆ తర్వాత "ఆరీ కాదు, అరై". పని వంకరపోయిందని చెప్పడానికి కూడా నాకు మీ అనుమతి కావాలి. తిండిసామాన్లని ఒకసారి విక్చువల్స్ అన్నాను. దాన్ని విటల్స్ అంటారని మీరు వారం రోజులు వంటగదిలో పాటలా పాడారు.

నేను తెలుగులో చదువుకుని డాక్టరైనదాన్ని. ఇంగ్లీషు మాటలు పుస్తకంలో కళ్ళతో చూసి నేర్చుకున్నాను. అవి పలికి వినిపించేవాళ్ళు మా ఇంట్లో ఎవరూ లేరు. మీరేమో పందొమ్మిదేళ్ళుగా చెవులకు హెడ్‌ఫోను తగిలించుకుని నాలాంటివాళ్ళ నోళ్ళు వింటూ, కాలికింద పెడల్ తొక్కుతూ కూర్చున్నారు. దానికే అంత గర్వమా?

సరే, నా జ బాగాలేదు. పందొమ్మిదేళ్ళ అనుభవం ఏమైంది? పక్షవాతం రోగి, మాట బాగున్న మనిషి. అనుమానం వస్తే అడగొచ్చు కదా? అడిగితే చెప్పనా?

ఆడలేక మద్దెల ఓడు అన్నట్టుంది మీ వాంగ్మూలం. పొరపాటు జరిగిందని ఒక్క వాక్యం రాసి సంతకం పెడితే మందలించి వదిలేస్తారు. నా సంగతి అలా కాదు, నా సర్టిఫికెట్టుకే ఎసరు. ఆలోచించండి.

మీ మరదలు


టైపు గది
జూన్ 21

అమ్మాయ్,

"అడగొచ్చు కదా" అని రాశావు చూడు, అక్కడ నా మర్యాద అయిపోయింది. ఇక నువ్వే.

ఆ శుక్రవారం పొద్దున నేను వచ్చేసరికి టైపు గది తలుపుకు ఒక కాగితం అంటించి ఉంది. "టైపిస్టులు మాటల అర్థాల కోసం డాక్టర్లకు ఫోన్ చేయరాదు. విన్నది విన్నట్టు కొట్టుట వారి పని." కింద నీ సంతకం. ఇస్త్రీ గదివాళ్ళు, మందుల గదివాళ్ళు, పోయేవాళ్ళు వచ్చేవాళ్ళు అందరూ చదివారు. ముందురోజు ఇంట్లో నీకూ నాకూ మాటామాటా పెరిగింది. దాన్ని తెచ్చి నా తలుపుకు అంటించావు.

ఇలియమ్ అని ఇద్దరు డాక్టర్లు చెబుతారు. ఒకరికి అది చిన్నపేగు చివరి భాగం, ఇంకొకరికి తుంటి ఎముక. స్పెల్లింగు వేరు, పలుకు ఒకటే. పేగు కోయాల్సినవాడికి ఎముక కోయకుండా ఇన్నేళ్ళూ కాపాడింది ఏమిటనుకున్నావు? నేను చేసే ఫోన్లే. నా నోటుబుక్కులో పధ్నాలుగు వందల మాటలున్నాయి. మాట, అర్థం, పలికే తీరు, పక్కన ఏ డాక్టరు దాన్ని ఎలా పలుకుతాడో కూడా. కొత్తగా వచ్చిన డాక్టర్లు రహస్యంగా వచ్చి ఆ బుక్కు చూసుకుపోతారు. నువ్వొక్కదానివే ఎప్పుడూ రాలేదు.

అయినా నేను అడిగాను. తలుపు మీద కాగితం ఉన్నా అడిగాను. శుక్రవారం మధ్యాహ్నం మూడూ నలభైకి వార్డుకు ఫోన్ చేశాను. "గడియారాలాయన చీటీలో మాట జీతోనా, ఎస్‌తోనా?" అన్నాను. నువ్వేమన్నావో గుర్తుందా? "తలుపు మీద కాగితం చదవలేదా? నేను ఏం చెప్పానో అదే కొట్టండి" అని ఫోన్ పెట్టేశావు.

టేపు వింటే తేలిపోతుందని కమిటీవాళ్ళు అడిగారు. మామూలుగా వారం కాగానే చెరిపేస్తాం, అదీ చెరిపేశామని చెప్పాను.

వదిన


డాక్టర్ల గది
జూన్ 29

వదినగారికి,

ఆ శుక్రవారం మీ దగ్గర్నుంచి నాకు ఏ ఫోనూ రాలేదు. కమిటీకి అదే రాశాను. వచ్చిందని మీరంటే సాక్ష్యం చూపించండి.

చీటీ కింద నా సంతకం సంగతీ వాళ్ళు అడిగారు. రోజుకు నలభై కాగితాల మీద సంతకం పెట్టేదాన్ని. ఒక్కొక్కటీ చదువుతూ కూర్చుంటే రోగులను ఎవరు చూస్తారు? టైపు చేసినవాళ్ళను నమ్మి పెడతాం. నమ్మడం నా తప్పయితే ఒప్పుకుంటాను.

మీ తమ్ముడు సెలవురోజున ఇక్కడికి వచ్చి, మీ పక్షాన ఒక మాట, నా పక్షాన ఒక మాట చెప్పి, రెండూ అయ్యాక కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చుని వెళ్ళిపోతున్నారు. ఆడబిడ్డ అర్ధమొగుడు అంటారు. నాకు అర్ధమొగుడి పోరే ఎక్కువైంది, అసలు మొగుడి మాట వినబడడమే లేదు.

మీ నోటుబుక్కు కమిటీవాళ్ళు తెమ్మన్నారని విన్నాను. నా పేరు పక్కన ఏమేం రాసుకున్నారో వాళ్ళూ చదువుతారు. నాకు భయం లేదు. మీకే సిగ్గు.

ఇంతే.


ఇంటి ముందుగది
జూలై 8

అమ్మాయ్,

నీ ఉత్తరానికి జవాబు రాయకూడదనే అనుకున్నాను. ఈ సంగతి నువ్వూ వినాలని రాస్తున్నాను.

మొన్న సాయంత్రం తలుపు తడితే తీశాను. కండక్టరు యూనిఫారంలో ఒక అమ్మాయి. ముప్పై ఏళ్ళుంటాయి. డ్యూటీ దిగి నేరుగా వచ్చినట్టుంది, టికెట్ల సంచి భుజానే ఉంది. "గడియారాలాయన కూతుర్నండి. టైపు చేసేది మీరేనా?" అంది. తిట్టడానికి వచ్చిందనుకున్నాను. తిడితే బాగుండేది.

కూర్చోమంటే కూర్చుంది. సంచిలోంచి ఆ చీటీ నకలు తీసి, ఆ మాట మీద వేలు పెట్టి, "దీనికి అర్థం ఏమిటో చెప్పండి. ఆసుపత్రిలో అడిగితే ఒక్కొక్కరూ ఒక్కోటి చెబుతున్నారు" అంది.

చెప్పాను. "మాట్లాడడం కష్టం కావడం" అన్నాను.

"మా నాన్న చివరిదాకా మాట్లాడుతూనే ఉన్నాడు కదండీ" అంది.

ఆ అమ్మాయే చెప్పుకుపోయింది. కొత్త వార్డులో నర్సు చీటీ చదివింది. మాట కష్టమని రాసుంది, మనిషేమో గడగడా మాట్లాడుతున్నాడు. తగ్గిపోయిందనుకుంది. "మీకు నయమైపోయిందండీ" అని ఆయనకు చెప్పింది కూడా. ఆయన సంతోషపడ్డాడట. నాలుగు రోజులుగా గొంతు ఎండిపోతోంది, నయమైతే ఒక్క కప్పు టీ ఇప్పించమన్నాడట. నర్సు సరేనంది, ఆయా తెచ్చింది.

"మాట పోయిందని రాస్తే, మాట వస్తోంది కదా అని టీ ఇచ్చారు. మరి అసలు ఏం రాయాలి?" అని అడిగింది. రెండో మాట చెప్పాను, అర్థం చెప్పాను. ఆ అమ్మాయి రెండు మాటలూ పైకి పలికి చూసుకుంది. నీలాగే, రెండింటికీ ఒకటే జ. "రెండూ ఒకేలా ఉన్నాయి కదండీ" అంది. ఉన్నాయన్నాను. నకలు మడిచి సంచిలో పెట్టుకుని వెళ్ళిపోయింది.

రెండు రోజులైంది. అన్నం గొంతు దిగడం లేదు.

వదిన


డాక్టర్ల గది
జూలై 19

వదినకు,

ఈ కబురు మీకు ఈపాటికి అంది ఉంటుంది, అయినా రాస్తున్నాను. విచారణ అయిపోయింది. మంచం దగ్గర "నోటితో ఏమీ ఇవ్వరాదు" అని బోర్డు ఉందో లేదో చూసుకోకుండా ఆయా టీ ఇచ్చిందని తేల్చారు. ఆమెను పనిలోంచి తీసేశారు. నర్సుకు హెచ్చరిక. చీటీలో మాట గురించి "టేపు లేనందున నిర్ధారించలేకపోయాం" అని ఒక వాక్యం రాసి వదిలేశారు. మీకూ ఏమీ కాలేదు, నాకూ ఏమీ కాలేదు.

ఇన్నాళ్ళూ మీమీద కోపంతో ఏవేవో రాశాను. మీరూ రాశారు. ఇక ఆపేద్దాం. ఆ అమ్మాయి వచ్చిందని రాసిన ఉత్తరం చదివి నాకూ బాధ కలిగింది. కానీ మనం తల బాదుకున్నంత మాత్రాన పోయిన మనిషి తిరిగి రాడు. మీకు ఇంకో ఎనిమిదేళ్ళ సర్వీసు ఉంది, నాకు ఇంకా చాలా ఉంది. వచ్చే నెల నేను ఇంటికి వస్తాను. మనిద్దరం ఒక టేబుల్ దగ్గర కూర్చుని తింటే మీ తమ్ముడు కూడా కాస్త మనిషవుతారు.

ఈ ఉత్తరాలన్నీ చించేయండి. నేనూ చించేస్తాను.

మీ మరదలు


ఇంటి ముందుగది
జూలై 25

అమ్మాయ్,

ఇన్నాళ్ళలో నువ్వు రాసిన ఉత్తరాలన్నిటిలోకీ మర్యాదగా ఉన్నది ఇదే. అన్నిటికన్నా అసహ్యంగా ఉన్నదీ ఇదే.

ఆబోతులు పోట్లాడుకుంటే లేగదూడల కాళ్ళు విరిగాయట. ఆయా బోర్డు చూసుకోలేదన్నారు. బోర్డు ఎక్కడుంది? పాత వార్డులో, పాత మంచానికి, వేరే రోగి తలదగ్గర వేలాడుతోంది. నేను వెళ్ళి కళ్ళతో చూసి వచ్చాను. లేని బోర్డును ఎలా చూస్తుంది? ఆమెకు ఇంగ్లీషు రాదు. నర్సు ఇవ్వమంది, ఇచ్చింది. పదహారేళ్ళుగా అక్కడ పనిచేస్తోంది, ఒక్క మాట పడలేదు. తీసేశాక కూడా మరుసటిరోజు పొద్దున యూనిఫారం వేసుకుని గేటు దాకా వచ్చి నిలబడిందట. కాళ్ళు అలవాటుగా వచ్చేశాయంది. వాచ్‌మన్ లోపలికి రానివ్వలేదు.

ఇక నా సంగతి విను. ఇది ఎవరికీ చెప్పలేదు.

టేపు చెరపలేదు. నా బీరువాలో, చలికోటు జేబులో ఉంది. నలభైసార్లు విన్నాను. దానివల్ల ఏమీ తేలదు, నీ జ నీ జయే. అయినా దాచాను. ఎందుకంటే టేపు బయటపడితే ఆ వారం నేను కొట్టిన కాగితాలన్నీ బయటికి తీస్తారు. బుధవారం నాడు అదే పెద్దాయన మింగుడు పరీక్ష రిపోర్టు కొట్టింది నేనే. నీళ్ళు చెంచాడు ఇస్తే దగ్గొచ్చింది, ఇవ్వొద్దు, అని నా ఈ వేళ్ళతోనే కొట్టాను. శుక్రవారానికి మరిచిపోతానా? నువ్వు చెప్పింది ఏ మాటో నాకు తెలుసు. ఫోన్ చేసినప్పుడే తెలుసు. నీ నోటితో "జీ" అనిపించాలని చేశాను. నువ్వు ఫోన్ పెట్టేశావు. సరే, విన్నది విన్నట్టు కొట్టమన్నావు కదా, నీ జకు రెండర్థాలూ సరిపోతాయి కదా అని, కావాలనే ఎస్ కొట్టాను. సోమవారం తప్పు బయటపడుతుంది, నువ్వే మెట్లు దిగి నా గదికి వస్తావు, నా తలుపు మీద నీ కాగితం నీ చేత్తోనే చింపుతావు అనుకున్నాను. సోమవారం దాకా ఆయన ఆగుతాడనుకున్నాను.

అత్త మీద కోపం దుత్త మీద చూపించడమంటే ఇదే. ఎవరి మీది కోపమో, ఎవరి గొంతులో పడింది.

వచ్చే గురువారం టేపు తీసుకుని కమిటీ దగ్గరికి వెళ్తున్నాను. నీ గురించి ఫోన్ సంగతి తప్ప ఇంకేమీ చెప్పను, నాకు తెలిసింది అంతే. అడ్డు రావద్దు.

వదిన


డాక్టర్ల గది
జూలై 28

వదినగారికి,

తెలిసి కొట్టారా. తెలిసి. నేను ఇన్నాళ్ళూ మీ పొరపాటనుకున్నాను. మీ గర్వం నాకు తెలుసు కానీ ఇంత లోతని తెలియదు. రోగి పేరున్న కాగితం మీద మీ పగ కొట్టి పంపారు, పైగా నన్ను అసహ్యం అంటున్నారు. మీరు గురువారం వెళ్ళి చెప్పండి. చెప్పాల్సిందే. మీలాంటి మనిషి ఆ గదిలో ఒక్కరోజు కూడా ఉండకూడదు.

ఇక్కడితో ఆపి పోస్టు చేద్దామనుకున్నాను. కవరు అంటించాను కూడా. రెండు రోజులుగా నా సంచిలో ఉంది. ఇవాళ మళ్ళీ విప్పాను.

ఫోన్ వచ్చింది. మీరు రాసిన మాటలే అన్నాను. పక్కన ఇద్దరు జూనియర్లున్నారు. "జీతోనా, ఎస్‌తోనా" అని మీరు అడిగితే, నా పలుకును మళ్ళీ పదిమందిలో సరిదిద్దుతున్నారనిపించింది. భోజనాల బల్ల దగ్గర నవ్వులు గుర్తొచ్చాయి.

సంతకం చదవకుండా పెట్టానన్నది అబద్ధం. మీరు కొట్టిన కాగితాలు నేను ఒక్కటీ వదలకుండా చదివేదాన్ని, ఎక్కడైనా తప్పు దొరుకుతుందేమోనని. ఏడేళ్ళలో దొరకలేదు. ఆ శుక్రవారం సాయంత్రం దొరికింది. ఆ ఎస్ చూడగానే ప్రాణం లేచి వచ్చింది. కార్బన్ కాపీ మీద పెన్సిల్‌తో గుండ్రంగా చుట్టి, తేదీ వేసి, సొరుగులో పెట్టాను. సోమవారం మీటింగులో సూపరింటెండెంటు ముందు పెట్టి, "మన నడిచే నిఘంటువుగారు కొట్టింది చూడండి" అనాలని. అసలు కాగితం దిద్దకుండా అలాగే సంతకం పెట్టి ఫైల్లో ఉంచాను. దిద్దితే నా సాక్ష్యం పోతుంది. మంచానికి బోర్డు ఉంది కదా, రెండు రోజులేగా అనుకున్నాను. వార్డు మార్పు సోమవారం అనుకున్నాం, మంచాలు చాలక శనివారమే ఆయన్ని మారుస్తారని నాకు తెలియదు. తెలియదన్నది నిజం. కానీ దాని వెనక దాక్కోలేను.

ఆ పెన్సిల్ కాపీ ఈ కవర్లో పెడుతున్నాను. వెళ్ళి ఇచ్చే ధైర్యం నాకు లేదు. మీరు ఎలాగూ గురువారం వెళ్తున్నారు. మీ చేతిలో ఉంటే మీరు ఇవ్వక మానరు. ఇవ్వండి.

సంతకం చేయమన్నారు కదా. చేస్తున్నాను.


ఇంటి ముందుగది
ఆగస్టు 1

అమ్మాయ్,

నీ కాపీ నీకే తిప్పి పంపుతున్నాను.

చదివినప్పుడు, నిజం చెబుతున్నాను, ముందు సంతోషమే కలిగింది. నేనొక్కదాన్నే కాదు కదా అని. ఆ సంతోషం ఎంత నీచమైందో తెలియడానికి ఒక పూట పట్టింది. గురువారం నేను వెళ్ళి నా వంతు చెప్పాను. టేపు ఇచ్చాను. బుధవారం రిపోర్టు ఎక్కడుందో నేనే చూపించాను. నీ కాపీ సంచిలోనే ఉంది, బయటికి తీయలేదు.

నీమీద జాలితో కాదు. నీకు జాలి చూపించే స్థితిలో నేను లేను, నాకు చూపించే స్థితిలో నువ్వూ లేవు. ఏడేళ్ళు నీ నోటి మాటలు నేను కాగితం మీద పెట్టాను. ఇది మాత్రం నేను పెట్టను. నువ్వు వెళ్ళి, వాళ్ళ ముందు నిలబడి, నీ నోటితో నువ్వే చెప్పు. తప్పుగా పలికినా పరవాలేదు.

విచారణ మళ్ళీ తెరుస్తున్నారు. పద్దెనిమిదో తేదీన.

వదిన


ఇల్లు, పైవాటా
ఆగస్టు 20

వదినగారికి,

మీరు కిందివాటాలో ఉన్నారు, నేను పైన ఉన్నాను. అయినా మెట్లు దిగలేక రాస్తున్నాను. మీ తమ్ముడు ఈ కాగితం పట్టుకొస్తారు.

చెప్పాను. కాపీ బల్ల మీద పెట్టాను. పెన్సిల్ సున్నా ఏమిటని అడిగితే చెప్పాను. సొరుగులో ఎందుకు పెట్టారంటే అదీ చెప్పాను. అధ్యక్షుడుగారు "ఆ మాట ఏమిటో ఇంకోసారి చెప్పండి, రాసుకోవాలి" అన్నారు. రెండింటినీ పలకబోయాను. మీరన్న ఆ జ నాకు రాలేదు. ఇక రాదు కూడా. "మింగలేకపోవడం అని రాయాల్సిన చోట మాట్లాడలేకపోవడం అని పడింది, మా ఇద్దరికీ తెలుసు" అన్నాను. అలాగే రాసుకున్నారు.

నన్ను ఏడాదిపాటు ప్రాక్టీసు చేయకూడదన్నారు. మిమ్మల్ని తీసేశారని నాతో చెప్పారు, నోటీసు మీకూ అంది ఉంటుంది. ఆయాను మళ్ళీ పనిలోకి తీసుకున్నారు. ఇకమీద వార్డు మార్చే ప్రతి చీటీలోనూ ఇంగ్లీషు మాట కింద అందరికీ తెలిసే మాటల్లో అర్థం కూడా రాయాలని ఉత్తర్వు వేశారు. నర్సులు ఒకరిద్దరు నన్ను చూసి ముఖం తిప్పుకున్నారు. తిప్పుకోనీ.

మీమీద నాకు కోపం పోలేదు. పోయిందని రాస్తే అది మళ్ళీ అబద్ధం. రెండు నెలల్లో మేం వేరే ఇల్లు చూసుకుంటాం. మీ తమ్ముడు వస్తూపోతూ ఉంటారు, దానికి నేను అడ్డు చెప్పను.

ఇంకొక సంగతి. దీనికోసమే ముఖ్యంగా రాస్తున్నాను. ఆ అమ్మాయి, గడియారాలాయన కూతురు, లోపల కుర్చీలో కూర్చుని మొత్తం విన్నది. అయ్యాక వరండాలో నా దగ్గరికి వచ్చింది. నేను ఏదో అనబోయాను. "మీరేం చెప్పొద్దు, విన్నాను" అంది. "ఆ ఆయమ్మ ఇల్లెక్కడో తెలుసా?" అని అడిగింది. ఎందుకన్నాను.

"నాలుగు రోజులు ఆ ఆసుపత్రిలో మా నాన్న అడిగింది విని, తెచ్చి ఇచ్చింది ఆమె ఒక్కతే. ఇచ్చినందుకు ఆమె ఏడుస్తోందట. ఒకసారి కనబడి వస్తాను" అంది.

ఏడేళ్ళు ఆ ఆసుపత్రిలో పనిచేశాను. ఆమె ఇల్లు నాకు తెలియదు. మీకు తెలిసే ఉంటుంది. రాసి పంపండి.

మీ మరదలు


కిందివాటా
ఆగస్టు 20

అమ్మాయ్,

బస్సు డిపో వెనక రెండో సందు. కుట్టుమిషన్లు బాగుచేసే కొట్టు పక్కన మెట్లుంటాయి, ఆ మెట్ల కింద గది. తలుపుకు నీలం రంగు. కాస్త గట్టిగా తట్టమను, ఒక చెవి సరిగా వినబడదు.

సాయంత్రం ఆరు దాటాక వెళ్ళమను. పగలు డ్యూటీలో ఉంటుంది.

వదిన